కులపర్వతములు – నదీనామ సాక్ష్యము

మహేంద్రము, మలయము, సహ్యము, శుక్తిమంతము, ఋక్షము, వింధ్యము, పారియాత్రము – ఈ ఏడింటిని కులపర్వతములని పురాణములలోని భువనకోశ భాగములును, మహాభారత భీష్మపర్వమును పేర్కొనుచున్నవి. హిమవంతము వీనిలో చేరదు. అది భారతవర్షమునకు ఉత్తరపుటెల్లయైన వర్షపర్వతము. టీకలలో ఈ నామములకు ‘ఒక పర్వతము’ అను అర్థమే తరచుగా కనబడును. పాఠమునకు అది చాలదు. ఏ గిరి యెక్కడిదో నిర్ణయించుటకు పురాణములే ఆధారమొసగినవి. అవి ప్రతి పర్వతమునకు అందు పుట్టు నదుల పట్టికను జతపరచినవి. కొండల పేర్లు మరుగుపడినను నదుల పేర్లు చాలవరకు నిలిచియున్నవి.

సహ్యమునకు చెప్పబడిన గోదావరి, భీమరథి, కృష్ణవేణి క్రమముగా త్ర్యంబకము, భీమాశంకరము, మహాబలేశ్వరములకడ పుట్టుచున్నవి. కనుక పడమటి కనుమల ఉత్తరభాగము సహ్యమనుట నిస్సంశయము. మలయమునకు చెప్పబడిన తామ్రపర్ణి అగస్త్యమలలో జనించును గనుక ఆ కనుమల దక్షిణభాగము మలయము. చర్మణ్వతి (చంబల్), పర్ణాశ (బనాస్) పారియాత్ర నదులు. కావున పశ్చిమ వింధ్యమును, ఆరావళియు ఆ పేరికి చెందును.

మహేంద్ర విషయము ఆంధ్రులకు సన్నిహితము. వాయుపురాణము లాంగూలినీ వంశధారలను మహేంద్ర నదులనుచున్నది. లాంగూలిని నేటి నాగావళి. ఈ రెండును శ్రీకాకుళం జిల్లాలో సముద్రమును చేరుచున్నవి. ఇవి ఒడిశాలోని 1,501 మీటర్ల మహేంద్రగిరి శిఖరమున పుట్టినవి కావు. దానికి పడమట నున్న కొండలలో పుట్టినవి. కనుక మహేంద్రమనగా ఒక్క శిఖరము కాదు, కళింగదేశపు పర్వతశ్రేణి. తూర్పు కనుమలన్నియు మహేంద్రమే యనుటకు మాత్రము ఈ సాక్ష్యము చాలదు.

చిక్కు వింధ్య ఋక్షములకడ కలుగుచున్నది. విష్ణుపురాణము నర్మదను వింధ్యమునకు, తాపిని ఋక్షమునకు చెప్పగా, వాయు మత్స్యపురాణములు నర్మదను ఋక్షమునకు, తాపిని వింధ్యమునకు చెప్పినవి. నర్మద మైకాల్ శ్రేణిలోని అమరకంటకమునను, తాపి సాత్పురా శ్రేణిలోని ముల్తాయికడను పుట్టును. విష్ణుపురాణము ననుసరించినచో ఋక్షము సాత్పురా యగును. వాయుపురాణము ననుసరించినచో మైకాల్ ప్రాంతమగును. ఇందు ఒకటి తప్పు, ఒకటి ఒప్పు అనుటకంటె, ఆ పేర్ల ఎల్లలు గ్రంథమునుబట్టి మారినవనుట యుక్తము.

శుక్తిమంతము నేటికిని వివాదాస్పదమే. పార్జిటర్ దానిని గారో, ఖాసీ కొండల వైపును, రమేశచంద్ర మజుందార్ సులైమాన్ శ్రేణియందును చూచిరి. హేమచంద్ర రాయచౌధురి ఛత్తీస్‌గఢ్‌లోని సక్తి మొదలు ఝార్ఖండ్‌లోని దల్మా వరకు గల కొండలను సూచించెను. ప్రసిద్ధ నది యేదియు నిశ్చయముగా దొరకకపోవుటయే ఇంతటి భేదమునకు కారణము.

కావున కావ్యపాఠమున కులపర్వతనామము వచ్చినప్పుడు నేటి పేరును చెప్పుటకు ముందు నదిని చెప్పవలెను. ఏ పురాణమునుబట్టి చెప్పుచున్నామో తెలుపవలెను. శుక్తిమంతమువంటి చోట నిర్ణయము కాలేదని చెప్పుటకు వెనుదీయరాదు.