‘రింగులు కొత్తవే’ అన్న మాటకు విలువెంత?

మంగళగిరి కొండమీది పానకాలస్వామి పోసిన పానకంలో సగం పుచ్చుకుని సగం భక్తుడికి వదిలేస్తాడని మా ఊళ్లో చెప్పుకుంటారు. మా మావయ్య కొన్న పాత ఆయిలింజనుకు ఆపాటి దయ కూడా లేదు. పోసిన ఆయిలంతా తాగేసి నీలం పొగ వదిలేది.

ఉండవల్లి దగ్గర కౌలుకు చేసే అరటితోట కోసం కొన్నాడాయన. అయిదు హార్స్‌పవర్ డీజిలింజను, 18 వేలు. అమ్మినతను పాత ఇంజన్లు బాగుచేసి అమ్ముకునే మేస్త్రి. ఊరూ పేరూ ఎందుకులెండి. ‘‘బంగారంలాంటి ఇంజను బాబాయ్. రింగులు మొన్ననే కొత్తవి వేశా’’ అన్నాడు. పది రోజులకు ఇంకొకరిచేత విప్పిస్తే రింగులు పూర్తిగా అరిగిపోయి ఉన్నాయి.

మేస్త్రి అన్న రెండు ముక్కలూ చట్టం దృష్టిలో ఒకటి కావు. ‘బంగారంలాంటిది’ అన్నది అమ్మేవాడి పొగడ్త. సంతలో ప్రతి ఎద్దూ బంగారమే. దాన్ని పట్టుకుని కోర్టుకెళ్తే నవ్వుతారు. ‘రింగులు కొత్తవి’ అన్నది అలాంటిది కాదు. నిజమో అబద్ధమో విప్పి చూస్తే తేలిపోయే సంగతి. దాన్ని నమ్మించి అమ్మితే అది నోటితో ఇచ్చిన వారంటీ అవుతుంది. ‘గ్యారంటీ’ అన్న మాట వాడి తీరాలని ఎక్కడా లేదు.

అన్నది ఎవరన్నదీ చూస్తారు. ఇంగ్లండులో లార్డ్ డెన్నింగ్ కూర్చున్న బెంచి ముందుకు పాత కార్ల తగాదాలు రెండొచ్చాయి. 1957 కేసులో ఒక మామూలు ఆసామి రిజిస్ట్రేషను పుస్తకం చూసి తన మారిస్ కారు 1948 మోడలన్నాడు. తీరా అది 1939ది. కొన్నవాళ్లేమో కార్ల వ్యాపారులు! అది వారంటీ కాదన్నారు. 1965 కేసులో వ్యాపారే బెంట్లీ కారు అమ్ముతూ, ఇంజను మార్చాక 20 వేల మైళ్లే తిరిగిందన్నాడు. నిజానికి లక్షకు దగ్గర. వారంటీయే అన్నారు. మా మేస్త్రి ఈ రెండోవాడి కోవలోనివాడు.

మన వస్తు విక్రయ చట్టం 1930 నాటిది. వారంటీ తప్పితే 12వ సెక్షను ప్రకారం సరుకు తిప్పి పంపే హక్కు రాదు, నష్టపరిహారమే. 59వ సెక్షను కింద ధర తగ్గించమనవచ్చు, దావా వేయవచ్చు. స్వయంఉపాధితో బతుకుదెరువుకు కొన్న యంత్రమైతే 2019 వినియోగదారుల చట్టం కింద రెండేళ్లలోగా జిల్లా కమిషనుకూ వెళ్లవచ్చు.

మరి చిక్కెక్కడ? రసీదు రాసింది నేను.

లా రెండో ఏడాది పరీక్షలు రాసి సెలవులకొచ్చాను. ఆ గర్వంలో ‘ఉన్నది ఉన్నట్టుగా, పరీక్షించుకుని కొన్నాను, ఇంజను స్థితికి అమ్మినవారి బాధ్యత లేదు’ అని మేస్త్రి చెప్పినట్టల్లా నీటుగా రాసి మావయ్య చేత సంతకం పెట్టించాను. ఇలా ఒప్పుకుంటే చట్టం తనంతట తానిచ్చే రక్షణ కూడా 62వ సెక్షనుతో పోతుంది. పైగా కాగితానికి విరుద్ధంగా నోటిమాటను రుజువు చేయనివ్వరు. ఇది 1872 సాక్ష్య చట్టంలో 92వ సెక్షను. 2024 జూలై నుంచి భారతీయ సాక్ష్య అధినియంలో 95వది. మోసమైతే తలుపు తెరుచుకుంటుంది గానీ, తెలిసే అబద్ధమాడాడని మనమే రుజువు చేయాలి. సాక్షిని నేనొక్కణ్ణే, అదీ మేనల్లుణ్ణి.

మావయ్య ఎక్కడికీ వెళ్లలేదు. ‘‘ఒరే అల్లుడూ, రింగులు కొత్తవన్నాడని ఆ కాగితంలో ఒక్క ముక్క రాసుంటే ఏం పోయేదిరా?’’ అని ఒకే ఒక్కసారి అడిగాడు.

రింగులు వేయించి రెండేళ్లు నడిపాక ఇంజను అమ్మేస్తూ మళ్లీ నాచేతే రాయించాడు: ‘రింగులు రెండేళ్ల కిందట మార్చినవి. బోరు పాతదే. చలికాలం పొద్దున్నే ఒక పట్టాన స్టార్టు కాదు.’ కొనేవాడు అది చదువుకుని అయిదొందలు తగ్గించమన్నాడు. తగ్గించాడు.