ధ్వని యొక్కటి – వ్రాత రెండు

విశాఖపట్టణమున పాత బస్తీ యగు వన్ టౌన్‌లో, కురుపాం మార్కెట్టు మొదలుకొని రేవువైపునకు నడచువారికి అంగళ్ల పలకలపై తెలుగు వ్రాతలనేకములు కానవచ్చును. 'ఆర్థిక' మనుటకు 'ఆర్ధిక' మనియు, 'అర్ధరాత్రి' యనుటకు 'అర్థరాత్రి' యనియు వ్రాయుట ఇచ్చటనే కాదు, తెలుగునాట నెల్లెడల కలదు. విద్యార్థుల జవాబు పత్రములందును ఇట్టివే కనబడును. వీనినన్నిటిని ఒక్క తీరుగా అక్షరదోషములని ఎర్రసిరాతో గీచివేయుట మన అలవాటు. ఈ అలవాటు ఎంతవరకు న్యాయమో విచారింతము.

ఉచ్చారణ మొక్కటియై, అర్థమును వ్రాతయు వేరైన పదములను సమోచ్చారణ పదములందుము. ఇవి తెలుగునకే ప్రత్యేకములు కావు. మేస్త్రీ, బొత్తాము మొదలగు మాటలను మనకిచ్చిన పోర్చుగీసు భాషను చూడుడు. ఆ మాటలను మనము విన్నట్లే వ్రాసికొంటిమి గావున మనకు చిక్కు లేదు. కాని ఆ భాష మాటాడువారికి చిక్కు కలదు. వారికి 'కుట్టు', 'ఉడికించు' అను అర్థములు గల రెండు క్రియలు వినుటకొక్కటే. వ్రాతలో నొకదానికి 'ఎస్', రెండవదానికి 'జెడ్'. పూర్వమీ రెండును వేరు ధ్వనులు. ఈశాన్య పోర్చుగల్‌లోని కొన్ని మాండలికములం దాభేదము నేటికిని నిలిచియున్నది. ధ్వని మారినను లిపి మారకుండుటయే చిక్కునకు కారణము.

మన సాధురేఫ శకటరేఫల చరిత్ర సరిగా నిట్టిదే. 'వేరు' చెట్టు మూలము, 'వేఱు' అన్యము. 'ఊరు' గ్రామము, 'ఊఱు' స్రవించుట. 'అర' సగము; 'అఱ' గది. నేటి తెలుగువాని నోట ఈ జంటలకు భేదము లేదు. మలయాళమున మాత్రము ఆ రెండు రేఫలును నేటికిని వేరుగనే పలుకబడుచున్నవి. అరసున్న సంగతియు నంతే. 'ఏఁడు' సంవత్సరము, 'ఏడు' సంఖ్య. 'నాఁడు' దినము, 'నాడు' దేశము. ఆ సున్న ఒకనాటి అనునాసికమునకు మిగిలిన గుర్తు. ఇచ్చట చెవి సాయపడదు, నిఘంటువే శరణ్యము.

రెండవ తరగతి సంస్కృత సమములది. 'అర్థము' భావము, ధనము, 'అర్ధము' సగము. 'థ'కారమును 'ధ'కారముగా పలుకుట మనలో పరిపాటి యగుటచే ఈ రెండును ఏకమైనవి. 'అర్ధాంగి' యనగా శరీరమున సగమైనది. 'అర్థాంగి' యని వ్రాసినచో ఆమె ధనమున కంగమగును! 'శకలము' ముక్క, 'సకలము' సమస్తము. 'శరము' బాణము, 'సరము' హారము. ఇచ్చట భేదము చచ్చినది కాదు. శ్రద్ధగా పలికినచో చెవికి తెలియును. 'అణువు – అనువు', 'కళ – కల' అను జంటలును ఇట్టివే. కొందరి నోట ఇవి కలిసిపోయినను, పెక్కుమంది నోట వేరుగనే యున్నవి.

కావున దోషము లొక్కజాతివి కావు. నేటి వచనమున 'వేఱు'ను 'వేరు' అని వ్రాసిన విద్యార్థి తన భాషను ఉన్నదున్నట్లు వ్రాసినవాడు. అతనికి మార్కులు తగ్గించుట అన్యాయము. కాని ప్రాచీన కావ్యమును పరిష్కరించు పరిశోధకుడు ఆ భేద మెరుగకున్నచో తప్పును సరియనియు, సరిని తప్పనియు దిద్దును. నన్నయ తిక్కనలు ప్రాసలో ఈ రెండు రేఫలను కలుపలేదు. తరువాతి కవులు పలువురు కలిపిరి. పాఠనిర్ణయమునకు ఇది యొక ఆధారము. ఇక 'అర్థాంగి' యని వ్రాసినవానిని దిద్దవలసినదే. కాని సిరాతో కాదు, మొదట నోటితో. గురువు తరగతిలో 'థ', 'ధ'లను వేరుగా పలుకనిచో, శిష్యుడు వేరుగా వ్రాయవలెనని కోరుటకు మనకేమి హక్కు?

రేవు కూలీ బిడ్డ తన ఇంటి ఉచ్చారణతో బడికి వచ్చును. అతని చెవికందని భేదమును ముందుగా వినిపించి, పిమ్మట వ్రాయించుట మన విధి. పోయిన ధ్వనిని నిఘంటువున నేర్పుదము. ఉన్న ధ్వనిని నోట నేర్పుదము. ఈ రెంటిని వేరుపరచిన పిదపనే ఎర్రసిరా పట్టుట యుక్తము.