నక్కజిత్తుల నాగన్న లేకపోతే మన కౌబాయ్ నిలబడేవాడా?

గోదావరిఖని నుంచి మాట్లాడుతున్నా.

తెలుగులో కౌబాయ్ సినిమా అనగానే మనం ‘మోసగాళ్ళకు మోసగాడు’ అంటాం, వెంటనే కృష్ణ గారి పేరు చెప్తాం. న్యాయమే. కానీ ఇవాళ ఆ సినిమాలో నక్కజిత్తుల నాగన్న వేషం కట్టిన నాగభూషణం గారి గురించి చెప్పుకుందాం.

సినిమా 1971లో వచ్చింది. దర్శకుడు కె.ఎస్.ఆర్. దాస్, రచన ఆరుద్ర, కెమెరా వి.ఎస్.ఆర్. స్వామి. రాజస్థాన్ ఎడారి దాకా వెళ్లి తీశారు. ఇప్పుడు ఒక చిక్కు చూడండి. టోపీ, తుపాకీ, ఇసుక, గుర్రం... ఇవేవీ మన ఊరివి కావు. ఆరుద్ర గారు కథని ఇంగ్లీషోళ్ల కాలంలోకి, సంస్థానం నిధి వేటలోకి తెచ్చారు. కథ మనదైంది సరే, మరి మనిషి? హీరో ఏమో తక్కువ మాట్లాడాలి, ఎక్కువ కాల్చాలి. అంటే తెలుగు మాట ఎవరో ఒకరు మోయాలి కదా! ఆ బరువు నాగన్న మీద పడింది.

1966లో వచ్చిన ‘ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ’లో ఎలై వాలాక్ వేసిన టూకోకి నాగన్న తమ్ముడి లాంటోడు. దొంగే, కానీ మనకి కోపం రాదు. తమాషా ఏంటంటే వాలాక్ కూడా నాటకాల నుంచి వచ్చినవాడే.

మన నాగభూషణం గారిని జనం ‘రక్తకన్నీరు’ నాగభూషణం అనేవాళ్లు. తమిళంలో ఎం.ఆర్. రాధా గారికి పేరు తెచ్చిన నాటకం అది. తెలుగులో పాలగుమ్మి పద్మరాజు గారు రాశారు. పొగరుతో అందర్నీ ఈసడించి, చివరికి రోగంతో వీధిన పడే మనిషి పాత్ర. వెటకారం ఎంత దూరం సాగదీయాలో, ఎక్కడ ఆపితే జనం నవ్వుతారో ఆయన స్టేజీ మీదే నేర్చుకున్నారు. ప్రదర్శనలు రెండు వేలు దాటాయని చెప్తారు. ఆ సాధనంతా నాగన్న గొంతులో వినపడుతుంది.

ఆయనకి హీరో కావాలని లేదా? 1969లో ‘నాటకాల రాయుడు’లో తనే కథానాయకుడు. అయినా పరిశ్రమ ఆయన్ని ఎక్కువగా విలన్‌గానే పిలిచింది. ఆయన మాత్రం ఏ వేషమిచ్చినా చిన్నచూపు చూడలేదు, అందులో ఒక మనిషిని పెట్టి పంపించారు.

మన బాయిల్లో చూస్తాం కదా. ఎన్ని టన్నుల బొగ్గు తీశామన్నదే లెక్కకొస్తది. పైకప్పు కూలకుండా సపోర్టు పెట్టినోడి పేరు ఎవరూ అడగరు. సినిమాలో సహాయ నటుడూ అంతే.

తర్వాత 1990లో ‘కొదమసింహం’ వచ్చినప్పుడు చిరంజీవి గారి పక్కన మోహన్‌బాబు గారి సుడిగాలి పాత్ర పెట్టారు. మౌనంగా ఉండే కౌబాయ్ పక్కన ఓ మాటకారి ఉండాలని మనకి అలవాటు చేసింది నాగన్నే అని నా అభిప్రాయం.

నాగభూషణం గారు 1995లో పోయారు. ఈసారి ఆ సినిమా చూసేటప్పుడు తుపాకీ పేలిన సీన్లు కాదు, పేలని సీన్లు చూడండి. ఎవరు నడిపిస్తున్నారో మీకే తెలుస్తది. మీకు నచ్చిన సహాయ నటుడెవరో చెప్పండి, వచ్చే ఎపిసోడ్‌లో మాట్లాడుకుందాం. ఉంటా మరి.