చేతియాట యంత్రములలోని నేస్తములు

చదరంగము ముగియగానే బలగమంతయు పెట్టెలోనికి పోవును. నిన్న రాజును కట్టిన బంటునకు నేటి ఆటలో ప్రత్యేక గౌరవ మేమియు ఉండదు. కాని పోకెమాన్ వంటి ఆటలలో ఈ న్యాయము చెల్లదు. ఆటగాడు అడవిలో ఒక చిన్న ప్రాణిని పట్టును; దానికి తనకు నచ్చిన పేరు పెట్టును; నెలల తరబడి పోటీలకు దించి పెంచును. అది నేర్చిన విద్యలు, గడించిన అనుభవము, పెట్టిన పేరు, అన్నియు ఆటలోనే భద్రమై ఉండును. 25 ఏండ్ల క్రిందట అట్లు పెంచిన పిల్లలు నేడు గృహస్థులైనారు. యంత్రము బీరువాలో ఉన్నది. దానిలోని నేస్తము కూడ ఇంకను ఉన్నదా? ఉన్నచో దానిని తరువాతి తరముల యంత్రములలోనికి తీసికొని రాగలమా? ఈ ప్రసంగములో మేము వివరింపదలచినది ఈ విషయమునే.

ఈ ఆట పుట్టినది జపానులో. నింటెండో సంస్థ 1989లో గేమ్‌బాయ్ అను చేతియంత్రమును విడుదల చేసినది. రెండు గేమ్‌బాయ్‌లను ఒక తీగతో కలుపుటకు వీలుండెను. ఆ తీగను పోటీలకు మాత్రమే గాక, వస్తువుల మారకమునకు కూడ వాడవచ్చునని సతోషి తజిరి అను ఆటల రూపకర్త తలచెను. బాల్యమున పురుగులను పట్టి కూర్చుకొను అలవాటు ఆయనకుండెను. ఆ రెండు తలపుల కలయికయే 1996 ఫిబ్రవరి 27న రెడ్, గ్రీన్ అను రెండు ఆటలుగా వెలువడినది. ఒకదానిలో దొరకు ప్రాణులు కొన్ని రెండవదానిలో దొరకవు. అన్నియు కావలెనన్నచో తోటిపిల్లలతో మార్చుకొనవలసినదే. కావున ఒక యంత్రమునుండి మరొక యంత్రమునకు ప్రాణిని పంపుట ఈ ఆటలకు మూలసూత్రము.

మరి తీగ వెంట పోవునది యేమి? ప్రాణి బొమ్మ పోదు; అది రెండు కార్ట్రిడ్జులలోను ముందే ఉన్నది. పోవునది ఒక చిన్న పత్రము మాత్రమే. జాతి యేది, నేర్చిన విద్యలేవి, అనుభవమెంత, మొదట పట్టినవాని సంఖ్య యేది, పుట్టుకతో వచ్చిన బలాబలము లెట్టివి అను వివరములే అందుండును. ఒకవిధముగా అది ఆ ప్రాణి జాతకము. మొదటి తరమున పెట్టెలో దాచిన ప్రాణి పత్రము, పేర్లను మినహాయించినచో, 33 బైట్లు. బైటు అనగా 0 నుండి 255 వరకు గల సంఖ్యలలో ఒకదానిని పట్టు గడి. నెలల శ్రమయంతయు ఈ 33 గడులలో ఇమిడియున్నది.

ఈ గడులు వ్రాయబడిన చోటు ఎంత బలహీనమైనదో ఎరిగినవారు తక్కువ. తొలి తరముల కార్ట్రిడ్జులలో వీనిని దాచు స్మృతి 32 కిలోబైట్లు. విద్యుత్తు అందుచున్నంతసేపే అది జ్ఞాపకముంచుకొనగలదు. యంత్రమును ఆపినప్పుడు ఆ విద్యుత్తునందించునది లోపల అతికించియున్న బొత్తాము వంటి బ్యాటరీ. అది అయిపోయిననాడు ఆట చెడదు. ఆట వేరొక శాశ్వత స్మృతిలో ఉన్నది. చెడునది ఆటగాని శ్రమ మాత్రమే. 1999లో వచ్చిన గోల్డ్, సిల్వర్ ఆటలలో ఆ బ్యాటరీయే ఒక గడియారమును కూడ నడుపవలసియుండుటచే అది మరింత త్వరగా తరిగిపోవును. పాత బ్యాటరీ తీసి కొత్తది వేయుదమని తొందరపడి ఊడదీసినచో, దానితోపాటు పత్రములన్నియు తుడిచిపెట్టుకొని పోవును. 2002లో గేమ్‌బాయ్ అడ్వాన్స్ యంత్రమునకు వచ్చిన రూబీ, సఫైర్ ఆటలలో ఈ భయము లేదు. వానిలో పత్రములు ఫ్లాష్ స్మృతిలో నుండును. బ్యాటరీ గడియారమునకు మాత్రమే.

ఇక తరముల నడుమ గల వంతెనల మాట. మొదటి తరమునుండి రెండవ తరమునకు ఆట నిర్మాతలే దారి వేసినారు. గోల్డ్, సిల్వర్ ఆటలలో కాలపేటిక యనదగిన ఒక సాధనముండును. తీగ కలిపి దానిద్వారా పాత ఆటతో ప్రాణులను మార్చుకొనవచ్చును. ఇచట ఒక చమత్కారమున్నది. రెండవ తరమున ప్రాణి చేత ఒక వస్తువును పట్టుకొనగలదు. మొదటి తరమున ఆ ఏర్పాటే లేదు. మరి ఆ గడిలో ఏమి వ్రాయవలెను? మొదటి తరపు పత్రమున, ప్రాణి ఎంత సులభముగా పట్టుబడునో తెలుపు సంఖ్య ఒకటి ఉండెను. కొత్త ఆట ఆ సంఖ్యనే వస్తువు సంఖ్యగా చదువుకొనును. అందుచే పాత ఆటనుండి వచ్చిన ప్రాణి ఎన్నడును ఎరుగని వస్తువును చేతబట్టుకొని వచ్చును. ఒక తరము వ్రాసినదానిని మరొక తరము తన వ్యాకరణముతో చదువుకొనుట యన్న ఇదియే.

రెండవ తరమునుండి మూడవ తరమునకు మాత్రము వంతెన వేయలేదు. పత్రము రూపమే మారిపోయినది. పుట్టుబలములు అంతకుముందు 0 నుండి 15 వరకు లెక్కింపబడెడివి. ఇప్పుడవి 0 నుండి 31 వరకు. ప్రాణి స్వభావమును నిర్ణయించు ఒక పెద్ద సంఖ్య కొత్తగా చేరినది. పెట్టెలోని పత్రము 80 బైట్లకు పెరిగినది. అందులో ముఖ్యభాగము గూఢలిపిలో వ్రాయబడును. పాత పత్రమున ఆ గడులే లేవు. యంత్రములను కలుపు తీగ సంకేతములు సైతము మారినవి. 1996 మొదలు 2001 వరకు పెంచిన ప్రాణులన్నియు ఇట్లు ఆవలి ఒడ్డుననే నిలిచిపోయినవి.

మూడవ తరమునుండి దారి మరల సాగును. 2006లో నింటెండో డీఎస్ యంత్రమునకు వచ్చిన డైమండ్, పెర్ల్ ఆటలలో పాల్ పార్క్ అను వనమున్నది. డీఎస్ యంత్రపు రెండవ అరలో పాత అడ్వాన్స్ కార్ట్రిడ్జిని ఉంచి, ఆరేసి ప్రాణులను ఈ వనములోనికి రప్పించి, మరల పట్టుకొనవలెను. ఇది పోక మాత్రమే గాని రాక లేని దారి. 2008లో వచ్చిన డీఎస్ఐ యంత్రములో ఆ రెండవ అర తీసివేయబడినది. 2010నాటి బ్లాక్, వైట్ ఆటలకు పోవుటకు రెండు డీఎస్ యంత్రములు కావలెను. అచటినుండి 3డీఎస్ యంత్రమందలి పోకెమాన్ బ్యాంకునకు, అందుండి 2020లో ఆరంభమైన పోకెమాన్ హోమ్ అను సేవకు చేరవచ్చును. అయితే 2023 మార్చి 27న 3డీఎస్ దుకాణము మూతబడినది. అంతకుముందే బ్యాంకును దింపుకొనియుండని వారికి ఆ ద్వారము తెరచుకొనదు.

ఇన్ని పాత యంత్రములు, తీగలు ఒకే ఇంట దొరకుట అరుదు. ఆ లోటు తీర్చునది ఎమ్యులేటరు. ఇది కంప్యూటరుపై నడచు ఒక ప్రోగ్రాము. పాత యంత్రపు మెదడు, స్మృతి, తెర, మీటలు ఎట్లు పనిచేయునో అట్లే అది అనుకరించును. ఆట తాను నిజమైన గేమ్‌బాయ్‌లోనే ఉన్నట్లు భావించి నడచును. కార్ట్రిడ్జిని చదువు చిన్న పరికరములు దొరకును. వానిని కంప్యూటరునకు తగిలించి ఆట ప్రతిని ఒక ఫైలుగాను, దాచుకొన్న పత్రములను మరొక ఫైలుగాను తీయవచ్చును. ఈ రెండవదానినే సేవ్ ఫైలు అందురు. కొన్ని ఎమ్యులేటర్లు రెండు ఆటలను ప్రక్కప్రక్కనే తెరచి నడుమ తీగను కూడ అనుకరించును. గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఆటల మారకమునకు ఎంజీబీఏ అట్టిది. మెలన్ డీఎస్ అను ఎమ్యులేటరులో రెండవ అర కూడ ఉన్నది. అందు అడ్వాన్స్ ఆటను, దాని సేవ్ ఫైలును ఉంచినచో డైమండ్ ఆట తొలి పట్టికలో వలసకు సంబంధించిన అంశము కనబడును. నిజయంత్రమున వర్తించు నియమములే ఇచటను వర్తించును. రెండు ఆటల భాష ఒకటే కావలెను; కొత్త ఆటలో జాతీయ ప్రాణిసూచిక లభించి యుండవలెను; మార్గములు తెరచుటకు వాడు కొన్ని ప్రత్యేక విద్యలను నేర్చిన ప్రాణులు రాలేవు.

ఈ పనిలో పొరపాటునకు తావిచ్చు అంశములు రెండున్నవి. ఎమ్యులేటరులో రెండు విధములుగా దాచుకొనవచ్చును. ఆటలోని పట్టికద్వారా దాచుట ఒకటి. యంత్రపు స్థితినంతటిని ఉన్నదున్నట్లు ఛాయాచిత్రమువలె పట్టియుంచుట రెండవది. వలసకు పనికివచ్చునది మొదటిదే. రెండవదానిని మరొక ఆట గాని, సామాన్యముగా మరొక ఎమ్యులేటరు గాని చదువలేదు. ఇక రెండవ అంశము: వలస ముగియగానే ప్రాణి పాత ఫైలునుండి తొలగిపోవును. నడుమ విద్యుత్తు పోయినచో రెండు ఫైళ్లును చెడవచ్చును. కనుక ప్రతి మెట్టునకు ముందు రెండు ఫైళ్ల నకళ్లను వేరుచోట దాచవలెను.

ఎమ్యులేటరుతో రెండవ తరమునుండి మూడవ తరమునకు దాటవచ్చునా యని కొందరు అడుగుదురు. దాటలేము. యంత్రమును నమ్మకముగా అనుకరించునది కావుననే, నిర్మాతలు వేయని వంతెనను అదియు వేయదు. సేవ్ ఫైలును విప్పి చదివి పత్రములను కొత్త రూపమునకు మార్చు ప్రోగ్రాములు వేరుగా కలవు, పీకేహెక్స్ అట్టిది. కాని పాత పత్రమున లేని గడిని ఎవరో ఒకరు నింపవలెను గదా! నిర్మాతలకును ఈ చిక్కు తప్పలేదు. 2016లో మొదటి తరపు ఆటలను 3డీఎస్ యంత్రమునకు మరల విడుదల చేసి, 2017లో వానినుండి బ్యాంకునకు దారి తెరచినారు. అప్పుడు ప్రాణి స్వభావమును దాని అనుభవ సంఖ్యను 25 చేత భాగింపగా వచ్చు శేషమునుబట్టి నిర్ణయించినారు. పెంచినవాని శ్రమనుండియే స్వభావమును పుట్టించిన ఈ ఉపాయము ముచ్చటైనదే. అయినను ఆ దారి మరల విడుదలైన ఆటలకే గాని పాత కార్ట్రిడ్జులకు కాదు.

చట్టమును గూర్చియు ఒక మాట చెప్పవలెను. చట్టబద్ధముగా తనవద్దనున్న కంప్యూటరు ప్రోగ్రాము నష్టపోకుండ తాత్కాలిక రక్షణకై నకలు తీసికొనుటను 1957నాటి మన గ్రంథస్వామ్య చట్టము 52వ సెక్షను అనుమతించుచున్నది. ఇతరుల ఆట ప్రతులను ఇంటర్నెట్టునుండి దింపుకొనుట అట్టిది కాదు. సొంత కార్ట్రిడ్జినుండి సొంత పత్రములను తీసికొనుటయే మేము చెప్పుచున్న మార్గము.

ధ్వనిముద్రణల వృత్తిలోనున్న మాకు ఈ సమస్య కొత్తది కాదు. పాత స్పూలు టేపు చేతికి వచ్చినప్పుడు మొదట చేయు పని శబ్దమును మెరుగుపరచుట కాదు, నకలు తీయుట. టేపు మరియొకమారు తిరుగునో లేదో ఎవరెరుగుదురు? నకలు చేతిలోనున్నచో మెరుగుదిద్దుటకు ఎంతకాలమైనను ఉన్నది. ఆట పత్రముల విషయమునను ఇదే వరుస. ఏ తరమునకు పంపవలెను, ఏ ఎమ్యులేటరు వాడవలెను అను ప్రశ్నలు నిదానముగా తేల్చుకొనవచ్చును. బ్యాటరీ మాత్రము నిదానింపదు. మీ ఇంట అట్టి కార్ట్రిడ్జి యున్నచో ముందుగా దానిని తెరచి పత్రములు ఇంకను నిలిచియున్నవేమో చూడుడు. ఉన్నచో బ్యాటరీని తాకకముందే సేవ్ ఫైలును తీయించి, రెండుచోట్ల దాచుడు. 32 కిలోబైట్ల ఆ ఫైలు చేతనున్ననాడు మిగిలిన దారులన్నియు తెరచియుండును.