క్షేత్ర పర్యటనలలో ల్యాప్‌టాప్ హార్డ్‌డిస్క్ సంరక్షణ
చెరకు 10 నుండి 12 నెలల పంట. బోధన్, రుద్రూరు ప్రాంత క్షేత్రాలలో నమోదు చేసిన పిలకల సంఖ్య, గడ పొడవు, బ్రిక్స్ విలువలు ఒకసారి పోతే, వాటిని తిరిగి సేకరించుటకు మరో పంటకాలం వేచి ఉండవలసిందే. అందువలన వాటిని భద్రపరచే హార్డ్‌డిస్క్‌ను కుదుపుల నుండి కాపాడుకొనుట అవసరం.

ల్యాప్‌టాప్ హార్డ్‌డిస్క్‌లోని పళ్లెం సాధారణంగా నిమిషానికి 5400 సార్లు తిరుగుతుంది. సమాచారాన్ని చదివే హెడ్ దానికి కొన్ని నానోమీటర్ల ఎత్తులోనే ఉంటుంది. ఆ స్థితిలో దెబ్బ తగిలితే హెడ్ పళ్లాన్ని తాకి, అక్కడి సమాచారం శాశ్వతంగా నశించవచ్చు. డిస్క్ ఆగినపుడు హెడ్ సురక్షిత స్థానానికి చేరుతుంది కనుక దెబ్బను తట్టుకొనే శక్తి పెరుగుతుంది.

75 సెం.మీ. ఎత్తు గల బల్లపై నుండి నేలను తాకుటకు పట్టే కాలం సుమారు 0.4 సెకను. కొన్ని ల్యాప్‌టాప్‌లలోని చలన సెన్సార్ ఈ వ్యవధిలోనే హెడ్‌ను పక్కకు తప్పిస్తుంది. అయితే నేలను తాకినపుడు కలిగే అదురును అది తగ్గించలేదు.

కావున ఈ క్రింది జాగ్రత్తలు పాటించాలి.

1. మోటారు సైకిల్‌పై బయలుదేరే ముందు ల్యాప్‌టాప్‌ను పూర్తిగా షట్‌డౌన్ చేయాలి. మూత మూసినంత మాత్రాన సరిపోదు.
2. అడుగున, అంచులలో మందపాటి స్పాంజి గల సంచిని వాడాలి. దానిని పెట్రోలు ట్యాంకుపై ఉంచక వీపునకు తగిలించుకోవాలి.
3. వీలైతే, కదిలే భాగాలు లేని ఎస్‌ఎస్‌డీని అమర్చుకోవాలి.
4. ప్రతి పర్యటన ముగిసిన రోజునే సమాచారాన్ని వేరొక చోట నకలు చేయాలి. ఎస్‌ఎస్‌డీ ఉన్నా ఇది తప్పనిసరి.