ఆటలో అదురు పుట్టించే చిన్న ఫైలు

సెలవుల్లో పిల్లవాడు ఒక పాత కారు పందెం ఆట కొనుక్కొని కంప్యూటర్‌లో ఎక్కించాడనుకుందాం. తీరా మొదలుపెట్టబోతే తెర మీద ఒక హెచ్చరిక వస్తుంది. 'ఎక్స్‌ఇన్‌పుట్1_3.డి.ఎల్.ఎల్. అనే ఫైలు ఈ కంప్యూటర్‌లో లేదు కనుక ప్రోగ్రాము నడవదు' అని దాని సారాంశం. అతడు ఆ పేరును ఇంటర్‌నెట్‌లో వెతికి, మొదట కనబడిన చోటినుండి ఫైలు దించుకుంటాడు. చిక్కు అక్కడే మొదలవుతుంది. ఎందుకంటే అదే కంప్యూటర్‌లో అక్క ప్రాజెక్టు రిపోర్టు, నాన్నగారి బ్యాంకు వివరాలు, స్కాలర్‌షిప్ దరఖాస్తుకోసం స్కాన్ చేసి దాచిన మార్కుల జాబితాలు కూడా ఉంటాయి. కాబట్టి ఈ ఫైలు సంగతి విద్యార్థులతో పాటు తల్లిదండ్రులకూ తెలిసి ఉండటం మంచిది.

డి.ఎల్.ఎల్. అంటే ఏమిటి?

డైనమిక్ లింక్ లైబ్రరీ అనే మాటకు ఇది పొట్టి పేరు. పెళ్ళి వంటకు కావలసిన పెద్ద గుండిగలు, గంగాళాలు ప్రతి ఇంటివారూ కొనుక్కోరు. ఊళ్ళో ఒకచోట ఉంటాయి, అవసరమైనవారు తెచ్చుకొని వాడుకుంటారు. విండోస్‌లోనూ అంతే. అనేక ప్రోగ్రాములకు పనికివచ్చే ఆదేశాలను ఒక ఫైలులో రాసి ఉంచుతారు. ఏ ఆటకు కావాలన్నా ఆ ఫైలును పిలిచి పని చేయించుకుంటుంది. ఎక్స్‌ఇన్‌పుట్ అనేది ఆటకూ, చేతిలోని కంట్రోలర్‌కూ మధ్య కబురు మోసే లైబ్రరీ. మైక్రోసాఫ్ట్ సంస్థ 2005లో ఎక్స్‌బాక్స్ 360 వచ్చిన కాలంలో దీనిని తెచ్చింది.

అదురు ఎలా పుడుతుంది?

ఎక్స్‌బాక్స్ 360 కంట్రోలర్ లోపల రెండు చిన్న మోటార్లు ఉన్నాయి. వాటి ఇరుసుకు ఒక పక్కకు ఒరిగేలా బరువు బిగించి ఉంటుంది. మోటారు తిరిగినప్పుడు ఆ బరువు సమంగా లేనందువల్ల కంట్రోలర్ అంతా అదురుతుంది. ఎడమ మోటారు బరువైన, మొరటు అదురునిస్తుంది. కుడి మోటారు సన్నని, వేగమైన అదురునిస్తుంది. కారు గోడను గుద్దినప్పుడు ఎడమదానిని, గులకరాళ్ళ బాట మీద పోతున్నప్పుడు కుడిదానిని ఎక్కువగా తిప్పవచ్చు.

ఆట చేసే పని చాలా స్వల్పం. ఎక్స్‌ఇన్‌పుట్ సెట్‌స్టేట్ అనే ఫంక్షన్‌కు ఎన్నో కంట్రోలరో (0 నుండి 3 వరకు) చెప్పి, ఒక్కొక్క మోటారుకు ఒక్కొక్క అంకె ఇస్తుంది. 0 అంటే మోటారు ఆగిపోతుంది, 65,535 అంటే పూర్తి వేగం. ఈ వింత అంకె ఎందుకని అడిగితే, 16 బిట్లతో రాయగల అతిపెద్ద సంఖ్య అదే. గుద్దుడు అయిపోయాక మళ్ళీ 0 పంపడం మరిచిపోతే చేతిలో అదురు ఆగదు.

కొంత చరిత్ర

ఇంటి ఆటలలో ఈ అదురు 1997లో బాగా ప్రచారంలోకి వచ్చింది. ఆ ఏడాది నింటెండో సంస్థ రంబుల్ ప్యాక్‌ను, సోనీ సంస్థ డ్యూయల్‌షాక్ కంట్రోలర్‌ను విడుదల చేశాయి. స్పర్శ సాంకేతికతపై పేటెంట్లున్న ఇమ్మర్షన్ అనే అమెరికా సంస్థ 2002లో సోనీ, మైక్రోసాఫ్ట్‌ల మీద దావా వేసింది. మైక్రోసాఫ్ట్ 2003లో, సోనీ 2007లో రాజీపడ్డాయి. చిన్న మోటారు వెనుక ఇంత పేటెంట్ చట్టం ఉందని ఇంజనీరింగ్ విద్యార్థులు గమనించాలి.

ఫైలు లేకపోతే ఏం చేయాలి?

విండోస్ 8 (2012) నుండి ఎక్స్‌ఇన్‌పుట్1_4 అనే కొత్త ఫైలు విండోస్‌తోనే వస్తోంది. పాత ఆటలు మాత్రం 1_3నే అడుగుతాయి. అందుకే కొత్త కంప్యూటర్‌లోనూ ఈ హెచ్చరిక కనబడుతుంది.

1. విడి డి.ఎల్.ఎల్. ఫైళ్ళు పంచే వెబ్‌సైట్ల నుండి దేనినీ దించుకోవద్దు. డి.ఎల్.ఎల్. బొమ్మలాంటి ఫైలు కాదు, నడిచే ప్రోగ్రాము. అందులో దొంగ ఆదేశాలుంటే, ఆట మొదలైనప్పుడు అవీ నడుస్తాయి. మీరు తెరవగల ప్రతి ఫైలునూ అవి తెరవగలవు.

2. మైక్రోసాఫ్ట్ సొంత వెబ్‌సైట్ నుండి 2010 జూన్ నాటి డైరెక్ట్‌ఎక్స్ రన్‌టైమ్‌ను ఉచితంగా తెచ్చుకొని ఎక్కించండి. అది కావలసిన పాత ఫైళ్ళను చేరుస్తుంది, కొత్త డైరెక్ట్‌ఎక్స్‌ను చెరపదు. అనేక ఆటల డిస్కులలోనూ ఇది ఉంటుంది.

3. చేత్తో కాపీ చేయబోకండి. 64 బిట్ల విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డరులో 64 బిట్ల ఫైళ్ళు, సిస్‌వావ్64లో 32 బిట్ల ఫైళ్ళు ఉంటాయి. పేర్లు చూసి తారుమారు చేసేవారు చాలామంది.

4. ఇప్పటికే తెలియని ఫైలు దించి ఉంటే దానిని తీసేసి, వైరస్ పరీక్ష చేయించండి. బ్యాంకు, ఈమెయిల్ పాస్‌వర్డులను వేరే కంప్యూటర్ నుండి మార్చండి. సర్టిఫికెట్ల కాపీ ఒకటి పెన్‌డ్రైవ్‌లో విడిగా ఉంచండి.

తల్లిదండ్రులకు ఒక మనవి. పిల్లవాడు తప్పు ఫైలు దించానని చెబితే ముందుగా కోప్పడకండి. తిడతారన్న భయంతో దాచినప్పుడే నష్టం పెరుగుతుంది.

విద్యార్థులకు ఒక సూచన. మీకు కొద్దిగా సి భాష వస్తే, ఉచితంగా దొరికే విజువల్ స్టూడియో కమ్యూనిటీతో కంట్రోలర్‌ను అదిరించే చిన్న ప్రోగ్రామును మీరే రాయవచ్చు. ఎడమ మోటారుకు 30,000 ఇచ్చి, ఒక సెకను ఆగి, 0 ఇచ్చి చూడండి. ఆడే ఆట లోపల ఏం జరుగుతోందో మీ చేతికే తెలుస్తుంది.