మూర్తిమత్వం - సామాజిక పరిసరాలు

ఒక వ్యక్తి ఆలోచనలలో, భావోద్వేగాలలో, ప్రవర్తనలో చాలావరకు స్థిరంగా కనిపించే తీరును మనోవిజ్ఞాన శాస్త్రంలో మూర్తిమత్వం అంటారు. వాడుకలో దీనినే వ్యక్తిత్వం అని వ్యవహరిస్తారు. అనువంశికత, పరిసరాలు రెండూ దీనిని ప్రభావితం చేస్తాయి. కుటుంబం, కులం, జీవనోపాధి, గ్రామంలోని అధికార సంబంధాలు మొదలైనవి సామాజిక పరిసరాల కిందికి వస్తాయి.

సిద్ధాంతాలు

ప్రవర్తన అనేది వ్యక్తి, పరిసరాల ప్రమేయమని కుర్ట్ లెవిన్ 1936లో సూత్రీకరించాడు. యూరీ బ్రాన్‌ఫెన్‌బ్రెనర్ 1979లో ప్రచురించిన గ్రంథంలో పరిసరాలను ఒకదానిలో ఒకటి ఇమిడిన పొరలుగా వర్ణించాడు. ఇల్లు, బడి వంటివి లోపలి పొర. సమాజపు ఆచారాలు, చట్టాలు, విశ్వాసాలు వెలుపలి పొర. పరిస్థితుల ఒత్తిడిని విస్మరించి, ఇతరుల ప్రవర్తనకు వారి స్వభావమే కారణమని భావించే పొరపాటును లీ రాస్ 1977లో మౌలిక ఆరోపణ దోషం అని పేర్కొన్నాడు.

నల్లగొండ ప్రాంతపు ఉదాహరణ

యాదగిరిగుట్ట ప్రస్తుతం యాదాద్రి భువనగిరి జిల్లాలో ఉన్నది. 2016కు పూర్వం ఇది నల్లగొండ జిల్లాలో భాగం. నిజాం పాలనలో ఈ జిల్లా గ్రామాలలో వెట్టిచాకిరీ అమలులో ఉండేది. "బాంచెన్ దొరా, నీ కాల్మొక్త" అనడం పేదలకు తప్పనిసరి. ఈ అణకువను చూసి, వారు పుట్టుకతోనే పిరికివారని అనుకోవడం పైన చెప్పిన దోషమే అవుతుంది.

1944లో భువనగిరిలో జరిగిన ఆంధ్ర మహాసభకు రావి నారాయణరెడ్డి అధ్యక్షత వహించాడు. ఆ తరువాత గ్రామాలలో సంఘాలు బలపడ్డాయి. అప్పటి నల్లగొండ జిల్లాలోని పాలకుర్తిలో చాకలి ఐలమ్మ తన పంటను దేశముఖ్ మనుషులకు దక్కనీయలేదు. 1946 నుండి 1951 వరకు సాగిన సాయుధ పోరాటంలో వేలాది పేద రైతులు పాల్గొన్నారు. నిన్నటిదాకా తలవంచిన మనుషులే తల ఎత్తారు. వారి స్వభావం ఒక్కసారిగా మారిందనడం కంటే, సంఘం అండ వల్ల అంతవరకు అణగి ఉన్న గుణాలు బయటపడ్డాయనడం సమంజసం.

పరిమితులు

పరిసరాలే సర్వస్వం అనలేము. భువనగిరి సమీపంలోని బొల్లేపల్లిలో భూస్వామ్య కుటుంబంలో జన్మించిన రావి నారాయణరెడ్డి, అదే నేపథ్యం గల అనేకులకు భిన్నంగా, వెట్టికి వ్యతిరేకంగా నిలిచాడు. ఒకే వాతావరణాన్ని అందరూ ఒకే విధంగా స్వీకరించరు. కొందరు దానిని మార్చడానికి పూనుకుంటారు. కనుక ఒకరిని సోమరి, పిరికి, మొండి అని నిర్ణయించే ముందు, ఆ వ్యక్తి ఏ పరిస్థితులలో జీవిస్తున్నాడో, అవి మారితే ఎలా ప్రవర్తిస్తాడో పరిశీలించడం అవసరం.